తొలకరికి ముందు ఎర్రతేలు విషయంలో జాగ్రత్తలు

తొలకరి వానలకు రాళ్ల సందుల్లో, నేల నెర్రెల్లో ఉండే తేళ్లు పొడి చోటు వెదుక్కుంటూ ఇళ్లలోకి చేరతాయి. అందుచేత గడ్డివాములు, కట్టెల మోపులు, పిడకల కుప్పలు సర్దే పనిని వానలకు ముందే, పగటి వెలుతురులో, ఒట్టి చేతులతో కాక కర్రతో కదిలించి చూసి ముగించుకోవడం మంచిది.

ఏ తేలుకు ఎక్కువ జాగ్రత్తపడాలో ముందు గుర్తించాలి. లావైన డెక్కలతో నల్లగా కనిపించే పెద్ద మండ్రగబ్బను చూసి అందరూ హడలిపోతారు గాని, అది స్కార్పియోనిడే కుటుంబానికి చెందినది. దాని కాటు బాధాకరమే అయినా ప్రాణం మీదికి రావడం అరుదు. అసలు ప్రమాదం సన్నని డెక్కలు, లావైన తోక గల ఎర్రతేలుతోనే. ఇది బూథిడే కుటుంబంలో హాటెంటొట్టా ప్రజాతికి చెందుతుంది. 1798లో జంతుశాస్త్రవేత్త ఫాబ్రిషియస్ వర్ణించిన ఈ జాతిని తరువాతి వారు బూథస్, మీసోబూథస్ అనే ప్రజాతుల్లో చేర్చగా, 2007లో తేళ్ల పరిశోధకుడు కొవారిక్ హాటెంటొట్టాకు మార్చారు. వైద్య గ్రంథాల్లో నేటికీ మీసోబూథస్ అనే పాత పేరు కనిపిస్తుంది కనుక రెండు వేర్వేరు తేళ్లని పొరబడకూడదు.

మంచాన్ని గోడకు దూరంగా జరపాలి. చెప్పులు, బూట్లు, దండెం మీది బట్టలు దులిపి వాడుకోవాలి. రాత్రివేళ బయటికి వెళ్లేటప్పుడు టార్చిలైటు, కాళ్లకు చెప్పులు ఉండాలి. అతినీలలోహిత కాంతి పడితే తేలు ఆకుపచ్చగా మెరుస్తుంది కనుక ఆ రకం టార్చి దొరికితే వెదకడం మరింత సులువు.

కుట్టిన చోట కోయడం, నోటితో పీల్చడం, గట్టిగా తాడు కట్టడం చేయరాదు. సబ్బునీటితో కడిగి, గుడ్డలో చుట్టిన మంచుముక్కను అద్దుతూ, మనిషిని నడిపించకుండా ఆసుపత్రికి చేర్చాలి. చాలా కాట్లలో నొప్పి కొన్ని గంటల్లో దానంతటదే తగ్గుతుంది. మంత్రం వేయించినప్పుడు ఆ తగ్గిన పేరు మంత్రానికి దక్కుతుంది, అంతే. వాంతులు, ఒళ్లంతా చెమటలు, కాళ్లు చేతులు చల్లబడడం, ఆయాసం కనిపిస్తే విషం గుండెపై పనిచేస్తోందని తెలుసుకుని, ముఖ్యంగా పిల్లల విషయంలో, క్షణం ఆలస్యం చేయక 108కి ఫోన్ చేయాలి. మహారాష్ట్రలోని మహాడ్ వైద్యుడు హిమ్మత్‌రావ్ బావస్కర్ ఎర్రతేలు కాటుకు ప్రాజోసిన్ అనే మందు వాడకాన్ని ప్రచారంలోకి తెచ్చాక మరణాలు బాగా తగ్గాయి. అయితే ఆ మందు రక్తపోటును తగ్గిస్తుంది కనుక వైద్యుని పర్యవేక్షణలోనే ఇవ్వాలి. మందు పడిన తరువాత బిడ్డను ఒక్కసారిగా లేపి నిలబెట్టకుండా పడుకోబెట్టే ఉంచాలి.