మైన్‌క్రాఫ్ట్ సర్వర్‌లో ప్లేయర్ సెట్టింగ్స్ మార్చే ముందు

మారతహళ్లి పీజీలో మన కుర్రాళ్లు వీకెండ్ రాత్రుళ్లు ఆడే జావా ఎడిషన్ సర్వర్‌కి మీరే అడ్మినా? ఇవి చూసుకున్నాకే చెయ్యి పెట్టండి.

• ముందు బ్యాకప్. కన్సోల్‌లో సేవ్-ఆఫ్ (ఆటో సేవ్ ఆగుతుంది), తర్వాత సేవ్-ఆల్ ఫ్లష్ కొట్టి వరల్డ్ ఫోల్డర్ కాపీ చేయండి. అయ్యాక సేవ్-ఆన్ తప్పనిసరి. అది మర్చిపోయాక కరెంటు పోయిందా, ఆ రాత్రి కట్టిందంతా గోవిందా.

• ఆన్‌లైన్-మోడ్ (వచ్చినవాడి అకౌంట్ అసలుదో కాదో చూసే సెట్టింగ్) జోలికి వెళ్లకండి. దాన్ని ఫాల్స్ చేస్తే ప్లేయర్ల యూయూఐడీలు (సర్వర్ ఒక్కొక్కరినీ గుర్తుపట్టే ఐడీలు) మారిపోతాయి. నిన్నటిదాకా డైమండ్ కత్తి తిప్పినవాడు ఖాళీ చేతులతో లేస్తాడు. పాత సామాను ఫైల్లోనే ఉంటుంది, కనిపించదంతే. పైగా ఎవరి పేరుతో ఎవరైనా దూరిపోవచ్చు.

• ఆప్ (ఆపరేటర్ హోదా) ఇస్తే మామూలుగా లెవెల్ 4 వస్తుంది, అంటే సర్వర్‌నే ఆపేసే అధికారం. "అన్నా, ఒక్కసారి ఆప్ ఇవ్వవా" అన్న ప్రతివాడికీ ఇవ్వకండి. కిక్, బ్యాన్ చేయడానికి 3 చాలు. సర్వర్ ఆపి, ఆప్‌ల లిస్టుండే ఆప్స్.జేసన్ ఫైల్లో లెవెల్ తగ్గించండి.

• వైట్‌లిస్ట్‌తో (లోపలికి రానిచ్చేవాళ్ల లిస్టు) పాటు ఎన్‌ఫోర్స్-వైట్‌లిస్ట్ కూడా ట్రూ ఉండాలి. లేదంటే లిస్టులో లేనివాడు లోపలుంటే దర్జాగా ఆడుతూనే ఉంటాడు.

• సర్వర్.ప్రాపర్టీస్ (సర్వర్ సెట్టింగ్స్ ఫైల్) మార్పులకు రీస్టార్ట్ కావాలి. గ్రూప్‌లో ముందే చెప్పండి. ఎండర్ డ్రాగన్‌తో తలపడుతున్నవాళ్ల తిట్లు మనకెందుకు?