పాత సేవ్ (దాచుకున్న ఆట) పోకుండా నింటెండో స్విచ్ గేమ్ కన్సోల్‌లో పోకెమాన్ మళ్లీ మొదటినుంచి (నా అనుభవం)

మా అక్క కొడుకు పోకెమాన్ స్వోర్డ్ మొదటినుంచి ఆడతానన్నాడు. నా ఆటేమో పోకూడదు. సేవ్ ఉన్నాక ‘న్యూ గేమ్’ కనపడదు. మైక్రో ఎస్‌డీ కార్డులోకి సేవ్ కాపీ కాదు, ఈ గేమ్‌కి క్లౌడ్ బ్యాకప్ లేదు. కానీ ఒక్కో యూజర్‌కి సేవ్ వేరుగా ఉంటుంది, అందుకే వాడి పేరుతో కొత్త యూజర్‌ని పెట్టాను.

ముందు నా ఆట సేవ్ చేసి, హోమ్‌కొచ్చి, ఎక్స్ నొక్కి గేమ్ పూర్తిగా మూసేశాను. సిస్టమ్ సెట్టింగ్స్, యూజర్స్, యాడ్ యూజర్. వాడి పేరు, వాడికి నచ్చిన బొమ్మ (దీనికే సగం సాయంత్రం పోయింది). నింటెండో అకౌంట్ లింక్ తర్వాత చూద్దామని వదిలేశా. గేమ్ తెరిచేటప్పుడు కొత్త పేరు ఎంచుకోగానే భాష అడిగి మొదటినుంచి మొదలైంది. నా పేరుతో తెరిస్తే నా ఆట అలాగే ఉంది. డేటా మేనేజ్‌మెంట్‌లో ‘డిలీట్ సేవ్ డేటా’ జోలికి మాత్రం పోకండి.

నాది సికింద్రాబాద్ సీటీసీ (ఎలక్ట్రానిక్స్ మార్కెట్)లో కొన్న కార్ట్‌రిడ్జ్ (గేమ్ ఉండే చిన్న కార్డు). డౌన్‌లోడ్ గేమ్‌తో నేను చూడలేదు. అన్ని గేమ్‌లకీ ఇది కుదరదు: యానిమల్ క్రాసింగ్ న్యూ హొరైజన్స్‌లో కన్సోల్‌కి ఒకటే దీవి, కొత్త యూజర్ కూడా అక్కడికే వస్తాడు.