టికెట్ ధరలు పోల్చే సైటు ఎవరిదో ఇలా చూడండి

నేనైతే ముందుగా ఆ సైటు పేజీ అట్టడుగుకి వెళ్తాను. కాపీరైట్ లైన్లో, నిబంధనల్లో కంపెనీ అసలు పేరు ఉంటుంది. ఆ పేరుతో మాతృసంస్థని వెతకాలి. ధరలు పోల్చే సైటు కయాక్ 2013 నుంచి ఇప్పటి బుకింగ్ హోల్డింగ్స్ చేతిలో ఉంది. హోటల్ గదులు అమ్మే బుకింగ్ డాట్ కామ్, అగోడా కూడా వాళ్లవే. ఇంకో పోల్చే సైటు స్కైస్కానర్‌ని 2016లో టికెట్లు అమ్మే చైనా కంపెనీ సీట్రిప్ కొంది; ఆ కంపెనీ పేరే ఇప్పుడు ట్రిప్ డాట్ కామ్ గ్రూప్. హోటల్ ధరలు పోల్చే ట్రివాగోలో పెద్ద వాటా టికెట్లు, గదులు అమ్మే ఎక్స్‌పీడియాది. అంటే పోల్చేవాడూ అమ్మేవాడూ ఒకే ఇంటివాళ్లు కావచ్చన్నమాట!

ఇక డబ్బు సంగతి. ఈ సైట్లు సాధారణంగా టికెట్ అమ్మవు, టికెట్ అమ్మేవాళ్ల దగ్గరికి మనల్ని పంపుతాయి. మనం నొక్కిన ఒక్కో క్లిక్కుకి కొంత, లేదా బుకింగ్ పూర్తయితే కమీషన్, పైగా ప్రకటనలు. మాతృసంస్థ షేర్ మార్కెట్లో ఉంటే వార్షిక నివేదికలో 'ఆదాయం' భాగం చదవండి, అన్నీ రాసే ఉంటాయి. (బోరే, కానీ పది నిమిషాల పని.)

ఒకసారి 'సిఫార్సు' అని పైన కనిపించిన హోటల్ కళ్లు మూసుకుని బుక్ చేశాను. అదే గది, జాబితాలో కింద, ఇంకో చోట తక్కువకే ఉంది. అప్పటినుంచి ముందు 'తక్కువ ధర' క్రమానికి మార్చి, తర్వాత హోటల్ సొంత సైటులో కూడా చూస్తున్నాను.