కిస్ట్నాని కృష్ణా అని దిద్దకండి

పోయిన ఎండాకాలం పుత్తూరు నుంచి ఒకమ్మాయి మా ఇంటికి వచ్చింది. చేతిలో ప్లాస్టిక్ కవరు, అందులో నాలుగు మడతలు పెట్టిన కాగితం. "మా జేజినాయన 1944లో నేవీలో చేరినాడు సార్. కృష్ణా అనే ఓడలో పన్జేసినాడు. ఆఫీసుకు లెటర్ పెడితే, ఆ ఓడ వచ్చిందే 1995లో అని తిరగ్గొట్టినారు" అనింది.

నేను నేవీలో రైటర్‌గా, అంటే గుమాస్తాగా, పనిచేసి రిటైరై తిరుపతిలో ఉంటున్నాను. ఇట్లాంటి కాగితాలు నెలకొకటైనా నా దగ్గరికి వస్తాయి. ఇంట్లో తాతల సర్వీసు కాగితాలున్నవాళ్లకి పనికొస్తుందని, నేను చేసే పద్ధతి రాస్తున్నాను.

ముందు కాగితం చూడండి, మీ దరఖాస్తు తర్వాత. ఆ అమ్మాయి కాగితంలో మడత సరిగ్గా ఓడ పేరు మీదే పడింది. నడిమి అక్షరం అరిగిపోయింది. కిటికీ దగ్గర కాగితాన్ని వాలుగా పట్టుకుంటే టైపు మిషను నొక్కిన గుంట నీడగా కనిపించింది. వెనకవైపు వేలు పెడితే అక్కడ చిన్న మిట్ట తగిలింది. అది టి. మొత్తం కలిపితే కె, ఐ, ఎస్, టి, ఎన్, ఎ: కిస్ట్నా. ఇంట్లోవాళ్లు దాన్ని తప్పనుకుని దరఖాస్తులో కృష్ణా అని దిద్దేశారు. చిక్కంతా అక్కడే వచ్చింది.

అది తప్పు కాదు. ఆ రోజుల్లో కృష్ణా నదికీ, కృష్ణా జిల్లాకీ ఇంగ్లీషు కాగితాల్లో అదే స్పెల్లింగు. మన పల్లెల్లో కృష్ణయ్యని కిష్టయ్య అంటాం కదా, ఆ పలుకుబడే దొరల చెవిన పడి ఉంటుందని నా నమ్మకం. ఆ పేరుతోనే గ్లాస్గోలో యారో కంపెనీ 1943లో స్లూప్ అనే చిన్న యుద్ధనౌకని నీళ్లలోకి దించింది. అదే తర్వాత ఐఎన్ఎస్ కృష్ణా అయింది. 1995లో వచ్చిన కృష్ణా వేరు. అది అంతకుముందు బ్రిటిష్ నేవీ వాడిన ఆండ్రోమెడా అనే ఓడ.

అందుకని ఒక రూళ్ల నోటుపుస్తకం తీసుకోండి. మొదటి గడిలో కాగితంలో ఉన్నది ఉన్నట్టు, అక్షరం పొల్లు పోకుండా. రెండో గడిలో అది ఏ కాగితం, ఏ తేదీ, టైపా చేతిరాతా. మూడో గడిలో మాత్రమే ఇప్పటి పేరు. మొదటి గడిని ఎవరు చెప్పినా దిద్దకండి, నేను చెప్పినా సరే.

వెతికేటప్పుడు అచ్చుల్ని పట్టించుకోకండి, హల్లుల్ని పట్టుకోండి. జమ్నా, జమునా ఒకే ఓడ. కావేరి మొదట్లో సి అక్షరంతో ఉండేది, తర్వాత కె వచ్చింది. నర్మదని నర్బదా అని రాశారు. మ, బ రెండూ పెదవులతో పలికేవే, కాబట్టి ఒకటి లేకపోతే రెండోది పెట్టి చూడండి. మన త సంగతి చెప్పనక్కర్లేదు, తిరుపతి బోర్డులే హెచ్‌తో కొన్ని, హెచ్ లేకుండా కొన్ని. జాతీయ ఆర్కైవ్స్ (పాత ప్రభుత్వ కాగితాల భాండారం) వాళ్ల వెబ్‌సైటు అభిలేఖ్ పటల్‌లోనైనా అంతే, ప్రతి స్పెల్లింగునీ విడివిడిగా కొట్టండి.

పేరు కుదిరింది కదా అని ఆగిపోకండి. గోదావరి పేరుతో మూడు ఓడలున్నాయి. 1943 నాటి స్లూపు దేశ విభజనలో పాకిస్తాన్ వాటాకి వెళ్లి సింద్ అయింది. 1953లో బ్రిటన్ నుంచి వచ్చిన బెడేల్ అనే ఓడ రెండోది. 1983లో దళంలో చేరిన ఫ్రిగేట్ అనే రకం యుద్ధనౌక మూడోది. ఏది మనదో తేల్చేది తేదీయే. పేరు ముందు హెచ్ఎంఐఎస్ (బ్రిటిష్ రాజు పేరు మీది భారత ఓడ అని) ఉంటే 1950 జనవరి 26కి ముందుది, ఐఎన్ఎస్ ఉంటే ఆ తర్వాతది. ఫొటోలో ఓడ పక్కన పెన్నెంట్ నంబరు, అంటే ఓడ గుర్తింపు నంబరు, కనిపిస్తే ఇంకా మంచిది. కిస్ట్నాకి యుద్ధకాలంలో యు 46, తర్వాత ఎఫ్ 46. అక్షరం మారిందని రెండు ఓడలనుకోకండి.

ఇంకో మాట. సర్కార్స్ అని ఉంటే ఓడ కోసం వెతకొద్దు. అది విశాఖపట్నంలో ఒడ్డున ఉన్న స్థావరం. నేవీలో ఒడ్డు మీది స్థావరాలకీ ఓడలకి మల్లేనే పేర్లు పెడతారు.

ఆ అమ్మాయిని కూర్చోబెట్టి దరఖాస్తు మళ్లీ రాయించాను. "ఏమని రాసేది సార్, కృష్ణానా?" అని పెన్ను పట్టుకుని అడిగింది.

"కాదమ్మా. కాగితంలో కిస్ట్నా అని ఉంది, అదే రాయి. 1943 నాటి స్లూపు, తర్వాతి పేరు కృష్ణా, 1995లో వచ్చిన ఓడ కాదు అని దాని కిందే రాయి. మడత విప్పి తీసిన ఫొటో జతచెయ్యి. జేజినాయన కాగితం మాత్రం ఎవరికీ ఇయ్యొద్దు, జెరాక్సే ఇయ్యి" అన్నాను.