విచారణ (చర్చి) పండుగకు ఓఫ్లాహెర్టీ ఫాదర్ నాటిక వేయించాలంటే

కావలి వైపైనా ఒంగోలు వైపైనా, పండుగ రాత్రి పిల్లల చేత కొత్తదేదైనా వేయిద్దామనుకునే జ్ఞానోపదేశం టీచర్లకు నేను చెప్పేది హ్యూ ఓఫ్లాహెర్టీ కథే. ఐర్లండు కథోలిక గురువు (ఫాదర్), పోపుగారుండే వాటికన్‌లో ఉద్యోగం. రెండో ప్రపంచ యుద్ధంలో, 1943 సెప్టెంబరులో ఇటలీ లొంగిపోగానే క్యాంపుల్లోంచి తప్పించుకున్న మిత్రపక్షాల సైనికుల్ని, జర్మన్లు రోమ్‌ను పట్టుకోవడంతో ప్రాణాలు అరచేత పెట్టుకున్న యూదుల్ని, ఇళ్లల్లో, మఠాల్లో దాచిన బృందానికి నాయకుడు ఆయనే. కాపాడింది దాదాపు 6,500 మందిని.

నాటిక ఇరవై నిమిషాలు దాటనివ్వకండి. సెట్టింగులు అక్కర్లేదు, స్టేజీ మీద ముగ్గుపిండితో తెల్లగీత ఒకటి గీయండి చాలు. వాటికన్‌లోని పెద్ద చర్చి, పేతురు బసిలికా ముందు అలాంటి గీతే ఉండేది: ఇటు ఏ పక్షమూ కాని వాటికన్, అటు జర్మన్ల చేతిలో రోమ్. ఆయన గీత దాటితే పట్టుకోవాలని రోమ్‌లో జర్మన్ రహస్య పోలీసుల (గెస్టపో) అధిపతి కాప్లర్ కాచుకుని ఉండేవాడు. ఆయనేమో సాయం కోరి వచ్చేవాళ్లకు కనబడేలా బసిలికా మెట్ల మీదే నిలబడేవాడు. మొదటి సీను ఇదే.

తర్వాత డోరియా ప్రభువు ఇల్లు. జర్మన్లు చుట్టుముడితే ఫాదర్ మొహానికి మసి పూసుకుని, బొగ్గు కూలీలా బస్తా ఎత్తుకుని బయటపడతాడు. పిల్లలు ఈ సీను కోసమే ఎగబడతారు, అయినా సాగదీయొద్దు, ఎందుకంటే భారమంతా మోసింది తలుపు తీసినవాళ్లు. మాల్టా నుంచి వచ్చిన షెవాలియర్ అనే ఆవిడ, భర్త లేడు, ఇంటినిండా పిల్లలు, అయినా సైనికుల్ని దాచింది, దొరికితే చావే అని తెలిసి కూడా. ఈ పాత్రను మీ దగ్గర బాగా మాట్లాడే అమ్మాయికివ్వండి, డైలాగులు మన యాసలోనే రాయండి.

కాప్లర్‌ని నవ్వులాటగా చూపించకండి, నా మాట వినండి. 1944 మార్చి 24న రోమ్ బయట అర్దెయాతీనె గుహల్లో అతని ఆధ్వర్యంలో 335 మందిని కాల్చి చంపారు, అందులో పప్పగాల్లో అనే గురువు కూడా ఉన్నారు. ఇది ఒక పిల్లవాడు ముందుకొచ్చి నెమ్మదిగా చెప్పాలి. అది చెప్పకుండా చివరి సీనుకు బలం రాదు: యావజ్జీవ శిక్ష పడ్డ కాప్లర్‌ను జైల్లో చూడటానికి మళ్లీ మళ్లీ వెళ్లింది ఓఫ్లాహెర్టీయే, 1959లో అతనికి జ్ఞానస్నానం ఇచ్చిందీ ఆయనే. ఇక్కడ డైలాగులు తగ్గించండి, పాట పెట్టకండి.

ఫాదర్ పాత్రకు పొడుగు కుర్రాణ్ని చూడండి, ఆయన ఆరడుగుల పైన ఉండేవాడు. అంగీ మీ విచారణ గురువుగారిని ముందే అడిగి తీసుకోండి, ఆ మసి సీనుకు మాత్రం వేరే పాత చొక్కా వాడండి.