ముంజేతి ఎముక ఆలస్యంగా అతుకుతుంటే ఫాలోఅప్ చార్టుకు కోడ్ ఎలా వేయాలి?

నెల్లూరు, కావలి, ఒంగోలు కాలేజీల్లో ఫార్మసీయో నర్సింగో లైఫ్ సైన్సెసో చదివి, చెన్నైకో హైదరాబాదుకో మెడికల్ కోడింగ్ ఉద్యోగానికి బయల్దేరేవాళ్ళకు ఎముకల చార్టులు తప్పవు. చెయ్యి విరిగిన రోజు చార్టు సులువుగానే సాగిపోతుంది. మూడో నెలలోనో నాలుగో నెలలోనో అదే పేషెంటు తిరిగొచ్చి, ఎముక ఇంకా సరిగా అతుక్కోలేదని డాక్టరు రాసినప్పుడే చాలామంది తడబడతారు. అలవాటుకొద్దీ కోడ్ చివర డి పెట్టి పంపేస్తారు. ఆ ఒక్క అక్షరంతో, ఎముక మామూలుగానే మానుతోందని రికార్డుకెక్కుతుంది. రేపు మళ్ళీ ఆపరేషన్ అవసరమై అనుమతి అడిగితే, ఇన్సూరెన్స్ కంపెనీకి ఆ పాత రికార్డే అడ్డం పెట్టడానికి పనికొస్తుంది. నష్టపోయేది పేషెంటు. అందుకే ఈ అక్షరం దగ్గర నిదానంగా ఆగాలి.

1. ముందు పుస్తకం సరిచూసుకోండి

అమెరికా చార్టులకు వాడేది ఐసీడీ-10-సీఎం అనే జబ్బుల కోడ్‌ల పుస్తకం. అక్కడ ఇది 2015 అక్టోబర్ 1 నుంచి అమల్లో ఉంది. ఏటా అక్టోబర్ 1న కొత్త సంచిక వస్తుంది కాబట్టి, పేషెంటు డాక్టరును చూసిన తేదీకి ఏ సంచిక వర్తిస్తుందో ఆ సంచికే తెరవాలి.

ఇక్కడి ఆసుపత్రుల మెడికల్ రికార్డు విభాగంలో పనిచేసి వచ్చినవాళ్ళు ఇంకో జాగ్రత్త తీసుకోవాలి. అక్కడ చేయి అలవాటు పడింది డబ్ల్యూహెచ్‌ఓ వారి ఐసీడీ-10కి. అందులో ఆలస్యంగా అతికే విరుపుకు ఎం84.2 అని విడి కోడ్ ఉంది. ముంజేతిలోని రెండు ఎముకలు రేడియస్, అల్నా. వాటి నడుమ భాగాలు రెండూ విరిగితే ఎస్52.4 అని ఒకే కోడ్ ఉంది. సీఎంలో ఈ రెండూ లేవు. ఆలస్యం సంగతిని విరుపు కోడ్ చివరి అక్షరమే చెబుతుంది, రెండు ఎముకలు విరిగితే రెండు కోడ్‌లు వేయాలి.

2. ఏ ఎముక, ఎక్కడ, ఏ చెయ్యి

ముంజేతి విరుపులు చాలావరకు ఎస్52 కింద ఉంటాయి. అల్నా పైకొనకు ఎస్52.0, రేడియస్ పైకొనకు ఎస్52.1, అల్నా నడుమకు ఎస్52.2, రేడియస్ నడుమకు ఎస్52.3, రేడియస్ కింది కొనకు ఎస్52.5, అల్నా కింది కొనకు ఎస్52.6. మణికట్టు చిన్న ఎముకలు ఇందులోకి రావు, అవి ఎస్62.

తర్వాత విరుపు ఎలాంటిదో చూడాలి: అడ్డంగానా, ఏటవాలుగానా, ముక్కలుముక్కలుగానా. ఆరో స్థానంలో ఎముక పక్కకు జరిగిందా లేదా, కుడా ఎడమా అన్నది వస్తుంది. ఉదాహరణకు కుడి అల్నా నడుమ అడ్డంగా విరిగి పక్కకు జరిగితే ఎస్52.221, జరక్కపోతే ఎస్52.224. జరిగిందో లేదో డాక్టరు రాయకపోతే జరిగినట్టే లెక్క. పుండు పడి ఎముక బయటపడిందో లేదో రాయకపోతే మూసి ఉన్న విరుపుగానే తీసుకోవాలి. ఈ రెండూ ఐసీడీ-10-సీఎం అధికారిక గైడ్‌లైన్స్‌లోనే ఉన్న నియమాలు.

ఫాలోఅప్ చార్టులో డాక్టరు వివరం తగ్గించి 'ముంజేతి విరుపు, ఫాలోఅప్' అని మాత్రమే రాయడం మామూలే. వెంటనే ఎస్52.91ఎక్స్ జి లాంటి, ఏ ఎముకో ఎక్కడో చెప్పని కోడ్ వేసేయకండి. ఈ విజిట్ నోట్‌లో డాక్టరు పాత ఆపరేషన్ నోట్‌నో ఎక్స్‌రేనో ప్రస్తావించారేమో, మీ క్లయింటు నియమాలు ఆ కాగితాలు చూడనిస్తాయో చూసుకోండి.

3. ఏడో అక్షరం

మూసి ఉన్న విరుపుకు ఫాలోఅప్‌లో నాలుగు అక్షరాలు: మామూలుగా మానుతుంటే డి, ఆలస్యంగా మానుతుంటే జి, అసలు అతుక్కోకపోతే కె, వంకరగా అతికితే పి. ఎముక బయటపడిన విరుపు, పుండు తీవ్రతను బట్టి చేసే 'గస్టిలో' వర్గీకరణ ప్రకారం టైప్ 1 లేదా 2 అయితే ఇదే వరసలో ఇ, హెచ్, ఎం, క్యూ. టైప్ 3ఏ, 3బి, 3సి అయితే ఎఫ్, జె, ఎన్, ఆర్. అంటే ఆలస్యానికి అక్షరాలు మూడే: జి, హెచ్, జె. ఎడమ రేడియస్ నడుమ ముక్కలై పక్కకు జరిగి, టైప్ 3ఏ పుండుతో ఉన్నది ఆలస్యంగా మానుతుంటే ఎస్52.352జె.

పిల్లల్లో కనిపించే గ్రీన్‌స్టిక్, టోరస్ విరుపులకు ఏ (మొదటి చికిత్స), డి, జి, కె, పి, ఎస్ (మానాక మిగిలిన ఇబ్బంది) మాత్రమే ఉంటాయి. అక్కడ హెచ్ కొడితే సాఫ్ట్‌వేర్ తీసుకోదు.

అన్నిటికన్నా ఎక్కువగా జరిగే తప్పు ఆపరేషన్ పేరు చూసి మోసపోవడం. 'ఓపెన్ రిడక్షన్' అంటే సర్జన్ చర్మం కోసి ఎముక సరిచేశారని. దాంతో విరుపు ఓపెన్ అయిపోదు. దెబ్బ తగిలినప్పుడు చర్మం చిట్లకపోతే, ప్లేటు వేసినా స్క్రూలు బిగించినా అది మూసి ఉన్న విరుపే, అక్షరం జి యే.

ఇంకో తప్పు రెండు ఎముకలకూ ఒకే అక్షరం పెట్టడం. ఒక ఉదాహరణ చూడండి. తడిగా ఉన్న నేల మీద జారిపడి కుడి ముంజేతి రెండు ఎముకలూ నడుమ అడ్డంగా విరిగి పక్కకు జరిగాయి. చర్మం చిట్లలేదు. ప్లేట్లు వేశారు. నాలుగో నెల చార్టులో 'రేడియస్ బాగా అతుకుతోంది, అల్నా డిలేడ్ యూనియన్ (ఆలస్యంగా అతకడం)' అని రాశారు. అప్పుడు అల్నాకు ఎస్52.221జి, రేడియస్‌కు ఎస్52.321డి. ఆ రోజు డాక్టరు దృష్టి పెట్టింది అల్నా మీద కాబట్టి అదే ముందు వస్తుంది.

చికిత్స ఆలస్యం వేరు, మానడం ఆలస్యం వేరు. మన వైపు పుత్తూరు కట్టు కట్టించుకుని, నెలల తర్వాత ఆసుపత్రికి వచ్చేవాళ్ళు ఉన్నట్టే, అమెరికాలోనూ విరిగిన చేత్తో డాక్టరును చూడకుండా నెట్టుకొచ్చినవాళ్ళు ఉంటారు. అలాంటివాళ్ళకు మొదటిసారి చికిత్స మొదలైతే, విరుపు పాతదైనా, అతుక్కోకుండా ఉన్నా, మొదటి చికిత్స అక్షరమే వేయాలి: మూసి ఉన్న విరుపుకు ఏ, టైప్ 1 లేదా 2 అయితే బి, టైప్ 3 అయితే సి. ఒకసారి చికిత్స జరిగి, ఆ తర్వాత అతుక్కోక ఆపరేషన్‌కు వస్తే మాత్రం కె, ఎం లేదా ఎన్. ఆపరేషన్ కొత్తది కదా అని ఏ పెట్టకూడదు.

4. డాక్టరు రాయనిది మీరు రాయకండి

రేడియస్ కింది కొన సాధారణంగా ఆరు నుంచి ఎనిమిది వారాల్లో అతుకుతుంది. నడుమ భాగానికి అంతకన్నా ఎక్కువ కాలం పడుతుంది. ఈ లెక్క తెలియడం మంచిదే గానీ, వారాలు లెక్కపెట్టి మీరే జి వేయడానికి వీల్లేదు. 'ఎక్స్‌రేలో గీత ఇంకా కనబడుతోంది', 'కొత్త ఎముక తక్కువగా పడింది' అన్న మాటలు కూడా చాలవు. ఆలస్యంగా మానుతోందని వైద్యం చేసే డాక్టరు తేల్చి రాయాలి. ఔట్ పేషెంట్ చార్టులో 'డిలేడ్ యూనియన్ కావచ్చు' అని అనుమానంగా రాస్తే దాన్ని కోడ్ చేయకూడదు.

అలాంటప్పుడు క్వెరీ, అంటే డాక్టరును వివరణ అడిగే ప్రశ్న, పంపండి. ప్రశ్నలోనే జవాబు దూర్చకూడదు. 'ఇది డిలేడ్ హీలింగే కదా?' అని అడిగితే ఆడిట్‌లో నిలవదు. చార్టులోని ఆధారం, తేదీ చూపించి, 'ఈ విజిట్ నాటికి అల్నా మానుతున్న స్థితి ఏమిటి?' అని అడిగి, మామూలుగా, ఆలస్యంగా, అతుక్కోలేదు, వంకరగా అతికింది, ఇతరం, చెప్పలేం అనే ఎంపికలు ఇవ్వండి.

5. పక్కన రావలసినవి, రాకూడనివి

జెడ్47 లాంటి ఆఫ్టర్‌కేర్ (చికిత్స తర్వాతి సంరక్షణ) కోడ్ దెబ్బ వల్ల విరిగిన ఎముక ఫాలోఅప్‌కు వేయకూడదు. ఫిజియోథెరపీ విజిట్ అయినా విరుపు కోడే, దాని ఏడో అక్షరమే.

ఎలా పడ్డారో చెప్పే కోడ్‌కు ఏ, డి, ఎస్ తప్ప వేరే అక్షరాలు ఉండవు. కాబట్టి పై ఉదాహరణలో విరుపుకు జి ఉన్నా, పడడానికి డబ్ల్యూ01.0ఎక్స్ఎక్స్ డి సరైనదే. ఎక్కడ పడ్డారో చెప్పే వై92, ఏం చేస్తూ పడ్డారో చెప్పే వై93 మొదటి విజిట్‌లో ఒక్కసారే.

షుగరు, పొగతాగడం ఎముక మానడాన్ని వెనక్కి లాగుతాయి. డాక్టరు రాసి ఉంటే వాటినీ కోడ్ చేయండి. కుడి ముంజేతి ప్లేటు విరిగితే టి84.112 కూడా చూడాలి.

ఎముకలు గుల్లబారిన జబ్బు ఉందని ముందే తెలిసిన పెద్దావిడ, ఆరోగ్యమైన ఎముకను విరవలేని చిన్న పాటు వల్ల చెయ్యి విరగ్గొట్టుకుంటే ఎస్52 వేయకూడదు. వయసుతో వచ్చిన ఆస్టియోపోరోసిస్ అయితే కుడి ముంజేతికి ఎం80.031, ఆలస్యంగా మానుతుంటే చివర జి.

6. బిల్లు వైపు ఒక్కసారి చూడండి

రేడియస్ కింది కొనకు ఆపరేషన్ లేకుండా చేసే చికిత్సలకు (సీపీటీ అనే చికిత్సల కోడ్‌లలో 25600, 25605) అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా మెడికేర్‌లో 90 రోజుల గ్లోబల్ పీరియడ్ ఉంది. ఆ లోపల అదే డాక్టరు చూసిన మామూలు ఫాలోఅప్‌కు విడిగా డబ్బు రాదు, 99024తో నమోదు చేస్తారు. ముంజేతి ఎక్స్‌రే 73090ను మాత్రం విడిగా బిల్లు చేయవచ్చు.

అల్ట్రాసౌండ్‌తో ఎముకను ప్రేరేపించే 20979 విషయంలో జి, కె తేడా నేరుగా డబ్బు తేడా. మెడికేర్ అతుక్కోని విరుపుకే చెల్లిస్తుంది, ఆలస్యంగా మానేదానికి చెల్లించదు. అదీ చికిత్స మొదలుపెట్టకముందు కనీసం 90 రోజుల ఎడంతో తీసిన రెండు సెట్ల ఎక్స్‌రేలు, వాటి మధ్య చెప్పుకోదగ్గ మానుదల లేదని డాక్టరు రాసిన రిపోర్టు ఉంటేనే. చార్టులో జి ఉండి ఈ పరికరానికి ఆర్డర్ కనిపిస్తే, క్లెయిమ్ పంపకముందే ఆపి డాక్టరుకు తెలియజేయండి. డబ్బు కోసం జిని కె చేయడం మాత్రం మోసమే అవుతుంది.