అదనపు లోడ్ నోటీసు వచ్చిందా? ముందు సెక్షన్ చూడండి

మంజూరైన లోడ్ (మీ కనెక్షన్‌కు అనుమతించిన కిలోవాట్లు) కంటే ఎక్కువ వాడారంటూ కరెంటు కంపెనీ నోటీసు చేతికి రాగానే అందరి కళ్లూ అడుగున ఉన్న మొత్తం మీదకే పోతాయి. దాని సంగతి తర్వాత. విద్యుత్ చట్టంలోని ఏ సెక్షన్ కింద ఇచ్చారో చూడండి, ఎక్కడికి వెళ్లాలి, ఎన్ని రోజుల్లో వెళ్లాలి అన్నది దాన్నిబట్టే ఉంటుంది. 135 అని ఉంటే అది కరెంటు దొంగతనం కేసు, దారే వేరు, వెంటనే లాయర్‌ని కలవండి.

సమస్య: తనిఖీకి వచ్చి వెళ్లారు, తర్వాత ఏడాదికి లెక్కగట్టి రెట్టింపు రేటుతో ప్రొవిజనల్ అసెస్‌మెంట్ ఆర్డర్ (కట్టాల్సిన మొత్తాన్ని తాత్కాలికంగా లెక్కగట్టిన ఉత్తర్వు) పంపారు.

కారణం: విద్యుత్ చట్టం 2003, సెక్షన్ 126. "మీటర్ సరిగ్గానే తిరిగింది, ప్రతి యూనిట్‌కూ డబ్బు కట్టాను, ఇంకా తప్పేంటి?" అని ఎవరికైనా అనిపిస్తుంది. నాకూ న్యాయంగానే అనిపిస్తుంది, కానీ కోర్టులో నిలవదు. మంజూరైన లోడ్ దాటి వాడితే అది అనధికార వినియోగమేనని సుప్రీంకోర్టు 2011లో ఒడిశాకు చెందిన సీతారాం రైస్ మిల్ కేసులో చెప్పింది. 2022లో కేరళ విద్యుత్ బోర్డు కేసులోనూ అదే మాట చెప్పి, అదనపు లోడ్‌కు వెసులుబాటు ఇచ్చిన ఆ రాష్ట్ర సప్లై కోడ్ (కరెంటు సరఫరా నియమావళి) నిబంధనే చెల్లదని తేల్చింది.

ఏం చేయాలి: లెక్క మీద పట్టుబట్టండి. తనిఖీ రిపోర్టు కాపీ తీసుకుని ఒక్కో లైనూ చూడండి. మూలన పడున్న స్పేర్ మోటార్‌ని కూడా కలిపేశారా? ఒక హెచ్‌పీ అంటే 746 వాట్లు, ఆ లెక్కన మొత్తం సరిపోయిందా? అన్నిటికంటే పెద్ద తేడా వచ్చేది కాలం దగ్గర. అదనపు వాడకం ఎప్పుడు మొదలైందో తేలితే అప్పటినుంచే వేయాలి, తేలకపోతేనే తనిఖీకి ముందు 12 నెలలు. కాబట్టి మెషీన్ నాలుగు నెలల కిందటే కొన్నారంటే దాని ఇన్‌వాయిస్, దాంతోపాటు నెలనెలా గరిష్ఠ డిమాండ్ (ఆ నెలలో అత్యధికంగా వాడిన లోడ్) చూపించే మీటర్ డేటా జతచేసి రాతపూర్వకంగా అభ్యంతరం ఇవ్వండి, విచారణకు పిలవమని అందులోనే అడగండి. ప్రొవిజనల్ ఆర్డర్ అందిన 30 రోజుల్లో ఫైనల్ ఆర్డర్ ఇవ్వాలి కనుక, ఇవాళ రేపు అంటూ కూర్చోవద్దు.

"ఏడు రోజుల్లో కట్టేస్తే గొడవ వదిలిపోతుంది" అని ఎవరో ఒకరు తప్పకుండా చెబుతారు. అలా కట్టడమంటే అసెస్‌మెంట్‌ని ఒప్పుకోవడమే, సమ్మతితో ఇచ్చిన ఆర్డర్ మీద అప్పీల్ ఉండదు.

ఫైనల్ ఆర్డర్ కూడా మీకు వ్యతిరేకంగా వస్తే సెక్షన్ 127 కింద 30 రోజుల్లో అప్పీల్ వేయాలి, అసెస్ చేసిన మొత్తంలో సగం ముందే కట్టాలి. కట్టకుండా వదిలేస్తే ఏడాదికి 16 శాతం వడ్డీ, అది కూడా ఆరు నెలలకోసారి చక్రవడ్డీ! సివిల్ కోర్టుకు వెళ్లడానికి సెక్షన్ 145 అడ్డు, వినియోగదారుల కమిషన్‌కు ఈ ఆర్డర్లు చూసే అధికారం లేదని సుప్రీంకోర్టు 2013లోనే చెప్పింది. హైకోర్టులో రిట్ వేయాలంటే అసలు వినకుండా ఆర్డర్ ఇచ్చారనో, అధికారం లేనివాళ్లు ఇచ్చారనో గట్టి కారణం ఉండాలి, లెక్క తప్పు ఒక్కటే పట్టుకెళ్తే అప్పీల్‌కే పొమ్మంటారు.

సమస్య: తనిఖీ ఏమీ లేదు, స్మార్ట్ మీటర్ పెట్టాక పాత నెలలకు కూడా పెనాల్టీ వేశారు.

ఇది మీకు బలమున్న కేసు. వినియోగదారుల హక్కుల నిబంధనలకు 2023లో చేసిన సవరణ ప్రకారం, స్మార్ట్ మీటర్ చూపించిన గరిష్ఠ డిమాండ్‌ని బట్టి అది పెట్టకముందు కాలానికి జరిమానా వేయకూడదు. మంజూరైన లోడ్ పెంచాలన్నా, ఒక ఆర్థిక సంవత్సరంలో కనీసం మూడుసార్లు దాటి ఉండాలి. డిస్కం (కరెంటు పంపిణీ కంపెనీ)లోని వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదికకు రాయండి, అక్కడ తేలకపోతే విద్యుత్ అంబుడ్స్‌మన్.

సమస్య: కట్టకపోతే కనెక్షన్ పీకేస్తామంటున్నారు.

మామూలు బిల్లు బకాయి అయితే రాతపూర్వకంగా 15 రోజుల నోటీసు ఇవ్వకుండా తీయకూడదు. బిల్లు మీద వివాదం ఉంటే అడిగిన మొత్తం గానీ, గత ఆరు నెలల సగటున లెక్కేసిన చార్జీ గానీ, ఏది తక్కువైతే అది "అభ్యంతరంతో కడుతున్నాను" అని రాసి కట్టండి, వివాదం తేలేదాకా సెక్షన్ 56 ప్రకారం కరెంటు ఆపడానికి లేదు. రసీదు జాగ్రత్త.